ఈటె పట్టుకున్న ఆ బొద్దు మనిషి ఎవరు?

‘సెవెన్ సమురాయ్’లో ఈటె పట్టుకుని రైతులను నడిపించే బొద్దు మనిషి, ‘యోజింబో’లో పళ్లు బయటికి తన్నుకొచ్చిన మొద్దు రౌడీ ఒక్కరేనా, ఒక్కరే అయితే ఆయన ఇంకేం చేశారు, ఏ సినిమాతో మొదలుపెట్టాలి అని అడిగారు. ఒక్కరే. పేరు దైసుకే కాతో. జపానువాళ్లు ఇంటిపేరు ముందు పెట్టి కాతో దైసుకే అంటారు.

మీరు పోల్చుకోలేకపోయారంటే నాకేమీ వింతగా లేదు. ముప్పయ్యేళ్లుగా ఫిల్మ్ సొసైటీల్లో జపాన్ సినిమాలు వేస్తున్న నేనే ఒకసారి బోర్లాపడ్డాను. ఒక ప్రదర్శనకు కరపత్రం రాస్తూ, 1930ల సినిమాల్లో కనిపించే ఎంజి ఇచికావా, 1950ల సినిమాల్లో కనిపించే దైసుకే కాతో ఇద్దరు వేర్వేరు నటులని అచ్చు వేయించాను. సినిమా అయ్యాక ఒక పెద్దాయన నా దగ్గరికి వచ్చి, కరపత్రం మడిచి జేబులో పెట్టుకుంటూ, “ఇద్దరికీ మెడ లేదు, గమనించారా?” అని మాత్రం అని వెళ్లిపోయారు. ఇంటికి వెళ్లి రెండు సినిమాలూ పక్కపక్కన పెట్టి చూసుకుంటే నిజమే. మొదటిది నాటక సమాజంలో ఉన్నప్పటి రంగస్థల నామం, రెండోది యుద్ధం తర్వాత సినిమాలకు పెట్టుకున్న పేరు. అసలు పేరు తొకునొసుకే కాతో.

పుట్టింది 1911 ఫిబ్రవరి 18న, తోక్యోలో. తండ్రి అసకుసా ప్రాంతంలో కబుకి అనే జపాను సంప్రదాయ నాటకాలు ఆడే ఒక నాటకశాలలో ఆస్థాన రచయిత. అన్న కునితారో సవామురా సినిమా కథానాయకుడు. అక్క సదాకో సవామురా సినిమా నటి, తర్వాత పేరున్న వ్యాసకర్త కూడా. వామపక్ష నాటకాల్లో పనిచేసినందుకు 1930ల మొదట్లో జైలుకు వెళ్లి వచ్చిన మనిషి. అన్నగారి కొడుకులు హిరొయుకి నగాతో, మసహికో త్సుగావా తర్వాతి తరంలో పెద్ద నటులయ్యారు. మన సురభి కుటుంబాల్లో పిల్లవాడు నడక నేర్చే వయసుకే తెర వెనక తిరుగుతుంటాడు చూడండి, ఇదీ అలాంటి ఇల్లే. నటించడం అనేది ఒక ఘనకార్యమని అనుకోని ఇల్లు.

1933లో ఆయన జెన్‌షిన్‌జా అనే సమాజంలో చేరారు. కబుకిలో వంశాలదే పెత్తనం. గొప్ప ఇంటిపేరు లేనివాడు ఎంత బాగా ఆడినా వెనక వరసలోనే నిలబడాలి. ఆ పద్ధతి నచ్చక బయటికి వచ్చిన నటులు 1931లో పెట్టుకున్న సమాజం అది. 1937లో తోక్యో శివార్లలోని కిచిజోజిలో సొంత చోటు కట్టుకుని కుటుంబాలతో సహా అందరూ ఒకేచోట ఉంటూ సాధన చేసేవారు. సమాజం మొత్తంగా సినిమాల్లోకి వెళ్లేది. సదావో యమనకా అనే కుర్ర దర్శకుడు వీళ్లతో 1937లో తీసిన ‘హ్యుమానిటీ అండ్ పేపర్ బెలూన్స్’లో కాతో ఒక చిన్న పాత్రలో ఉన్నారు. ఒక పేదల వాడ, వానాకాలం, అప్పులు, ఆ వాడ మీద స్వారీ చేసే రౌడీలు. యమనకా ఆ మరుసటి ఏడాదే చైనా యుద్ధరంగంలో జబ్బుపడి 28 ఏళ్లకే చనిపోయాడు. ఆ సినిమా చూస్తే ఒక సంగతి తెలుస్తుంది. తెర మీద ఇరవైమంది ఉన్నా ఎవరూ ఎవరినీ తోసుకుని ముందుకు రారు. మన సినిమాల్లో కథానాయకుడి కోసం పక్కకు తప్పుకుని నిలబడే గుంపులా ఉండదు. కాతో నటనకు పునాది అక్కడే పడిందని నా నమ్మకం.

ఇక అసలు ఘట్టం. 1943లో సైన్యం నుంచి పిలుపు వచ్చింది. అప్పటికి ఆయనకు 32 ఏళ్లు. సైన్యంలో వైద్య విభాగం. పంపింది న్యూగినీ దీవి పశ్చిమ కొసన ఉన్న మనొక్వారికి. ఈ ఊరు ఇప్పుడు ఇండోనేసియాలో ఉంది. 1944లో అమెరికా సేనలు దగ్గర్లోని బియాక్ దీవిని పట్టుకోవడంతో మనొక్వారికి ఓడలు రావడం ఆగిపోయింది. తిండి లేదు, మందులు లేవు. తుపాకీ గుండు కంటే మలేరియా, ఆకలి ఎక్కువమందిని తీసుకుపోయాయి. చిలగడదుంపలు పండించుకుని బతికారు. శత్రువు పైన విమానాల్లో వెళ్తూ వీళ్లను పట్టించుకోవడం కూడా మానేశాడు. చేయడానికి యుద్ధం కూడా లేని సైన్యం అది.

అలాంటి చోట పైఅధికారులు కాతోను పిలిచి నాటక దళం ఒకటి పెట్టమన్నారు. ఆయన దళాల్లో వెతికి మనుషులను ఏరుకున్నారు. వాయిద్యం వచ్చినవాడు, బట్టలు కుట్టేవాడు, విగ్గు చేయగలిగినవాడు, ఊళ్లో జాతరకు పాడిన అనుభవం తప్ప ఇంకేమీ లేనివాడు. దొరికిన గుడ్డతో దుస్తులు, దొరికిన చెక్కతో వేదిక. దానికి మనొక్వారి కబుకిజా అని పేరు పెట్టుకున్నారు. కబుకిజా అంటే తోక్యో గింజాలో ఉన్న మహా నాటకశాల. అడవిలో కట్టుకున్న పాకకు ఆ పేరు పెట్టడంలోని హాస్యం చూడండి. ఆడవేషాలు మగవాళ్లే వేశారు, కబుకిలో అది మామూలే. కానీ ఏళ్ల తరబడి ఆడమనిషి ముఖం చూడని సైనికులకు ఆ వేషాలు ఎలా కనిపించి ఉంటాయో వేరే చెప్పాలా. దళాలు వంతులవారీగా అడవిలోంచి నడిచి వచ్చేవి. తన దళం వంతు వచ్చేదాకా ప్రాణం నిలుపుకోవాలనుకున్న రోగులు ఉండేవారట.

ఒక నాటకంలో మంచు కురిసే ఘట్టం పెట్టారు. భూమధ్యరేఖకు ఒక్క డిగ్రీ దూరంలో ఉన్న ఊరది. కాగితాన్ని ముక్కలుగా కత్తిరించి పైనుంచి వదిలారు. తెర తీయగానే ప్రతిరోజూ ప్రేక్షకుల్లోంచి ఒక పెద్ద హోరు వచ్చేది. ఒకరోజు తెర తీశారు, మంచు కురుస్తోంది, కింది నుంచి చప్పుడు లేదు. నటులకు భయం వేసింది. తొంగి చూస్తే కూర్చున్నవాళ్లంతా ఏడుస్తున్నారు. ఆ రోజు వచ్చింది జపాన్ ఈశాన్య ప్రాంతమైన తొహొకు నుంచి వచ్చిన దళం. ఏడాదిలో కొన్ని నెలలు మంచులో కూరుకుపోయే పల్లెలవాళ్లు.

ఇదంతా కాతో స్వయంగా రాసుకున్నారు. యుద్ధం ముగిశాక 1946లో ఇంటికి చేరారు. ఈ కథ పుస్తకంగా వచ్చింది మాత్రం 1961లో. ‘దక్షిణ ద్వీపంలో మంచు కురిసింది’ అని మన భాషలో చెప్పుకోవచ్చు. అదే ఏడాది సెయిజి హిసమత్సు దర్శకత్వంలో సినిమాగా కూడా వచ్చింది. అందులో కాతో పాత్ర వేసింది కాతోయే. యాభై ఏళ్ల మనిషి తన ముప్పైల్లోని తనను నటించారు. ‘యోజింబో’ కూడా 1961దే. అంటే మీరు అడిగిన ఆ పళ్ల రౌడీ, అడవిలో నాటకం ఆడించిన ఆ సైనికుడు ఒకే ఏడాది తెర మీదికి వచ్చారు.

సరే, వైవిధ్యం సంగతికి వద్దాం. చాలామంది దీన్ని వేషాల లెక్కగా చూస్తారు. పోలీసు వేశాడు, దొంగ వేశాడు, సమురాయ్ వేశాడు, గుమస్తా వేశాడు, కాబట్టి బహుముఖ ప్రజ్ఞ. ఆ లెక్కన అయితే కాతోకు కొదవ లేదు. ‘రషోమోన్’లో బందిపోటును పట్టుకున్న భటుడు, ‘ఇకిరు’లో ముసలి ఉద్యోగిని బెదిరించే రౌడీల్లో ఒకడు. కానీ నాకు ఆయనలో కనిపించే విశేషం వేరు. ఆయన ముఖం చూస్తే మనకు నమ్మాలనిపిస్తుంది. గుండ్రని ముఖం, పొట్టి శరీరం, మాట వినేటప్పుడు కొంచెం ముందుకు వంగే అలవాటు. మన వీధిలో కిరాణా కొట్టు పెట్టుకున్నాయన అప్పు రాసుకుంటూ పైకి చూసినట్టు ఉంటుంది. ఒక్కో దర్శకుడు ఆ నమ్మకాన్ని ఒక్కో రకంగా ఖర్చు పెట్టుకున్నాడు.

అకిరా కురొసావా దాన్ని విశ్వాసంగా మార్చాడు. ‘సెవెన్ సమురాయ్’లో ఆయన పాత్ర పేరు షిచిరోజి. ఒకప్పుడు ఆ ఏడుగురి నాయకుడు కంబెయ్‌కు కుడిభుజం. కోట కూలిన రోజున విడిపోయారు. చాలా కాలానికి కంబెయ్ అతన్ని చూసేసరికి సరుకులు అమ్ముకుంటూ బతుకుతున్నాడు. ఎలా తప్పించుకున్నావని అడిగితే, నీటి మొక్కల కింద నక్కి ఉంటే కోట తగలబడి మీద పడిందని ఎవరికో జరిగినట్టు చెబుతాడు. యుద్ధాలంటే విసుగు పుట్టిందా అని కంబెయ్ అడుగుతాడు. షిచిరోజి ఏమీ అనడు, నవ్వుతాడు. డబ్బూ రాని, పేరూ రాని పోరాటం ఒకటుంది వస్తావా అంటే వెంటనే ఒప్పుకుంటాడు. ఈసారి చావొచ్చు అంటే మళ్లీ అదే నవ్వు. మొత్తం ఒక నిమిషం ఉంటుందేమో. మిగతా సమురాయ్‌లందరినీ చేర్చుకోవడానికి కురొసావా పరీక్షలు పెట్టాడు, వాదనలు పెట్టాడు, తలుపు చాటున కర్ర పట్టుకుని కుర్రాణ్ని నిలబెట్టాడు. షిచిరోజికి ఏమీ అక్కర్లేకపోయింది. కథకు అక్కడ సమయం మిగిలిందంటే అది కాతో ముఖం పుణ్యమే. చివరికి బతికి ఉండే ముగ్గురిలో అతనొకడు, అది కూడా మనకు ఆశ్చర్యం కలిగించదు. ఇతను ఇంతకు ముందూ బతికే వచ్చాడు కదా.

మికియో నరుసె దగ్గరికి వస్తే కథ మారుతుంది. కురొసావా అభిమానులు సాధారణంగా నరుసె వైపు వెళ్లరు, కత్తులు ఉండవు కాబట్టి. కాతోను అర్థం చేసుకోవాలంటే మాత్రం వెళ్లక తప్పదు. 1952 నాటి ‘మదర్’లో బట్టలుతికి ఇస్త్రీ చేసే చిన్న దుకాణం. భర్త చనిపోయిన ఇల్లాలికి పని నేర్పి దుకాణం నిలబెట్టడానికి ఒకాయన వస్తాడు. రష్యావాళ్ల చెరలోంచి తిరిగి వచ్చినవాడు, అందుకే పిల్లలు అతన్ని ‘ఖైదీ మావయ్య’ అన్నట్టు పిలుస్తారు. వీధిలో గుసగుసలు మొదలవుతాయి. పెద్ద కూతురి మనసులో ముల్లు గుచ్చుకుంటుంది. ఆయన ఎవరితోనూ ఏమీ అనకుండా పని పూర్తి చేసి వెళ్లిపోతాడు. ఆమె మీద ప్రేమ ఉందా లేదా అని మీరు సినిమా అయ్యాక వాదించుకోవచ్చు, మేము వాదించుకున్నాం. ఈ పాత్రకూ, అదే ఏడాది వచ్చిన ఒక సమురాయ్ సినిమాకూ కలిపి ఆయనకు బ్లూ రిబ్బన్ ఉత్తమ సహాయ నటుడి బహుమతి వచ్చింది.

మూడేళ్ల తర్వాత ‘ఫ్లోటింగ్ క్లౌడ్స్’లో అదే నరుసె అదే మంచి మనిషిని తీసుకుని హంతకుణ్ని చేశాడు. ఇకహొ అనే వేడినీటి బుగ్గల ఊళ్లో చిన్న సారాకొట్టు యజమాని. డబ్బయిపోయిన కథానాయకుడు చేతి గడియారం అమ్ముకోవడానికి వస్తే కొనుక్కుంటాడు, ఆదరించి ఇంట్లో చోటిస్తాడు. ఆ అతిథి ఈయన పడుచు భార్యను లేవదీసుకుపోతాడు. తర్వాత ఈయన ఆ భార్యను చంపుతాడు. హత్యను నరుసె చూపించడు, వార్తగా తెలుస్తుందంతే. మనకు మాత్రం గడియారాన్ని చెవి దగ్గర పెట్టుకుని సంబరపడే మనిషిలాంటి ఆ ముఖమే గుర్తొస్తుంది. ఒక్క కోపపు దృశ్యం కూడా లేకుండా హంతకుణ్ని నమ్మించడం మాటలా.

నా దృష్టిలో ఆయన శిఖరం 1960లో వచ్చిన ‘వెన్ ఎ ఉమన్ అసెండ్స్ ద స్టెయిర్స్’. ఇదీ నరుసెదే. గింజాలో బారు నడిపే కెయికో అనే వితంతువుగా హిదెకో తకమినె. చుట్టూ తిరిగే మగవాళ్లంతా బ్యాంకు మేనేజర్లు, వ్యాపారులు, చేతులు తడిమేవాళ్లు. వాళ్ల మధ్య సెకినె అనే ఒకాయన, ఫ్యాక్టరీ యజమానిని అంటాడు. ఒదిగి కూర్చుంటాడు, గొంతు పెంచడు, పెళ్లి చేసుకుంటానంటాడు. అందం లేదు, కానీ ఇంకెవరూ ఇవ్వని గౌరవం ఇస్తున్నాడు. కెయికో ఒప్పుకుంటుంది. ప్రేక్షకులుగా మనమూ ఒప్పుకుంటాం, చాలా దుఃఖం చూశాక ఆమెకు ఒక దారి దొరికిందని ఊపిరి పీల్చుకుంటాం. అప్పుడు ఫోను వస్తుంది, చేసింది సెకినె భార్య. కెయికో వెతుక్కుంటూ ఊరి చివరికి వెళ్తుంది. పొగగొట్టాలు, ఖాళీ స్థలం, ఒక బీద ఇల్లు. పిల్లలు మూడు చక్రాల సైకిలుకు డబ్బాలు కట్టి గలగలలాడిస్తూ చుట్టూ తిరుగుతుంటారు. భార్య కోపం కూడా తెచ్చుకోదు. ఆయనకిది కొత్త కాదు, ఇలా ఆడవాళ్ల దగ్గర గొప్పలు చెప్పుకుంటుంటాడని చెబుతుంది. ఆ డబ్బాల చప్పుడు మాత్రం ఆగదు.

ఈ సినిమాను రెండోసారి చూడండి. సెకినె కనిపించిన ప్రతి దృశ్యంలో అబద్ధం ఎక్కడ పట్టుబడుతుందా అని వెతకండి. నేను వెతికాను. దొరకదు. ఒక మామూలు నటుడైతే కన్ను కొంచెం పక్కకు తిప్పుతాడు, తెలివైన ప్రేక్షకుడి కోసం ఒక సూచన వదులుతాడు. కాతో వదల్లేదు. ఆ క్షణంలో సెకినె నిజంగానే ఫ్యాక్టరీ యజమాని. అతను మోసం చేస్తున్నది కెయికోను మాత్రమే కాదని అప్పుడు తెలుస్తుంది.

యసుజిరో ఓజు చివరి సినిమా ‘యాన్ ఆటమ్ ఆఫ్టర్‌నూన్’ 1962లో వచ్చింది. కాతో అందులో సకమొతో అనే మోటారు మరమ్మతు దుకాణదారు, యుద్ధంలో నౌకాదళంలో పనిచేసినవాడు. తన పాత కెప్టెన్ ఒక నూడుల్స్ కొట్లో ఎదురుపడితే పట్టరాని ఆనందంతో ఒక చిన్న బారుకు తీసుకెళ్తాడు. మనం గెలిచి ఉంటే ఈపాటికి న్యూయార్క్‌లో ఉండేవాళ్లం, ఆ నీలికళ్లవాళ్లు మన విగ్గులు పెట్టుకుని మన మూడు తీగల షమిసెన్ వాయిస్తూ ఉండేవాళ్లు అని ఊహించుకుంటాడు. ఓడిపోవడమే మంచిదయింది కదా అంటాడు కెప్టెన్ మెల్లగా. సకమొతో ఒక్క క్షణం ఆలోచించి, అవునేమోలెండి, కనీసం ఆ మూర్ఖుల పెత్తనం పోయిందని ఒప్పుకుంటాడు. అంతలో నౌకాదళ కవాతు పాట రికార్డు పెడతారు. నాలుగు అడుగులు వేస్తే గోడ తగిలే ఆ బారులో కాతో సెల్యూట్ చేస్తూ అటూ ఇటూ కవాతు చేస్తారు. బొజ్జ, నున్నటి ముఖం, కళ్లల్లో మెరుపు. నవ్వాలో జాలిపడాలో తెలియదు. ఓజుకు ఆయన పుస్తకం సంగతి తెలియకుండా ఉండదు, ఏడాది కిందటే దేశమంతా మాట్లాడుకున్న కథ. మనొక్వారి నుంచి తిరిగొచ్చిన మనిషి చేత ఆ కవాతు చేయించడం ఊరికే జరిగిందని నేను అనుకోను.

వీటి పక్కన ఆయనకు రోజువారీ అన్నం పెట్టింది తొహొ అనే సినిమా సంస్థ తీసిన ‘కంపెనీ ప్రెసిడెంట్’ హాస్య చిత్రాలు. 1956 నుంచి 1970 దాకా మొత్తం 33 వచ్చాయి. ఆడవాళ్ల వెంట పడే ప్రెసిడెంటుగా హిసయా మొరిషిగె, అతని చుట్టూ తిరిగే ఉద్యోగులు. కాతో ఎక్కువగా లెక్కల పుస్తకం చంకలో పెట్టుకున్నట్టుండే గంభీరమైన అధికారి. పక్కవాడు జోకు వేసేటప్పుడు నవ్వకుండా నిలబడటం ఆయన పని. నాలుగైదు చూస్తే చాలు, అన్నీ ఒకేలా ఉంటాయి. కాకపోతే జపాన్‌లో మామూలు జనానికి కాతో అంటే గుర్తొచ్చేది ఈ అధికారే, మనం గొప్పగా చెప్పుకునే సెకినె కాదు. ఆయన 1975 జూలై 31న 64 ఏళ్లకు క్యాన్సర్‌తో చనిపోయారు.

ఎక్కడ మొదలుపెట్టాలన్నారు. ‘సెవెన్ సమురాయ్’ ఎలాగూ చూశారు. తర్వాత ‘వెన్ ఎ ఉమన్ అసెండ్స్ ద స్టెయిర్స్’ చూడండి, కానీ నేను పైన కథ మొత్తం చెప్పేసినందుకు తిట్టుకోకండి, తెలిసి చూసినా నష్టం లేదు. ఆ తర్వాత ఓజు సినిమా, ఆ పైన ‘ఫ్లోటింగ్ క్లౌడ్స్’. దక్షిణ ద్వీపం సినిమా దొరకడం కష్టం, దొరికితే వదలకండి.

అన్నీ అయ్యాక ‘యోజింబో’ మళ్లీ పెట్టండి. మీరడిగిన ఆ రౌడీ పేరు ఇనొకిచి. రెండు కనుబొమలూ కలిపి ఒకటి చేశారు, పళ్లు పెట్టారు, ముఖంలో మనిషి గుర్తుపట్టేట్టు ఏమీ మిగల్చలేదు. సినిమా అంతా ఇతరులు చెప్పింది నమ్మడమే అతని పని. లోపల కాపలావాళ్లంతా చచ్చిపడి ఉన్నారని కథానాయకుడు చెబితే నమ్మి పరుగెత్తుతాడు. వాళ్లు అప్పటికి ఇంకా బతికే ఉన్నారు. చివర్లో ఊరంతా వెతుకుతున్న కథానాయకుణ్ని సారాకొట్టు ముసలాయన శవపేటికలో దాచి ఊరు దాటిస్తుంటాడు. మోసేవాడొకడు మధ్యలో భయపడి పారిపోతాడు. అటుగా వచ్చిన ఇనొకిచి ముసలాయన మాటల్లో పడి, తన ముఠా ఎవరి కోసం గాలిస్తోందో అతన్నే ఒక కొస ఎత్తుకుని మోస్తాడు. అతని ముఖం చూడండి. ఒకరికి సాయం చేస్తున్నానన్న తృప్తి ఆ పళ్ల వెనక కూడా దాగదు.